చాటని చట్టం

ఇంగ్లీషు న్యాయశాస్త్రంలో ‘అన్‌ప్రామల్గేటెడ్’ అని ఒక బరువైన మాట ఉంది. తీర్పుల్లో, లా పుస్తకాల్లో తప్ప వీధిలో వినబడదు. చట్టం తయారైంది, పెద్దల సంతకం పడింది, కానీ జనంలో చాటలేదు. అలాంటి చట్టానికి తగిలించే విశేషణం అది. చాటడాన్ని మన న్యాయ పరిభాష ‘ప్రఖ్యాపన’ అంటుంది. ఊళ్లో అడిగితే ‘టముకు పడలేదు’ అంటారు.

వాడేటప్పుడు కాస్త జాగ్రత్త కావాలి. సభలో నలుగుతున్న బిల్లుకు ఈ మాట పనికిరాదు, అది ఇంకా చట్టమే కాదు. గెజిట్‌లో అచ్చయి అమలు తేదీ కోసం ఎదురుచూసే చట్టానికీ చెల్లదు. మన నాలుగు కార్మిక స్మృతులు 2019, 2020ల్లో పార్లమెంటు దాటాయి, అమల్లోకి వచ్చింది మాత్రం 2025 నవంబరు 21న. అన్నేళ్లూ అవి నిద్రపోయాయి, ఎవరూ దాచలేదు. రాతలో లేకుండా ఆచారంగా నడిచే కట్టడి కూడా దీని కిందికి రాదు, దానికి ‘అలిఖితం’ అనే పేరు వేరే ఉంది. రాసి ఉండాలి, సంతకం ఉండాలి, బయటపెట్టకుండా ఉండాలి. అప్పుడే అది చాటని చట్టం.

ఈ రకాలన్నీ ఒకే దేశంలో చూడాలంటే సౌదీ అరేబియాకు వెళ్లాలి. జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్, నిర్మల్ నుంచి అక్కడికి పోయినవాళ్లకు ఈ సంగతి పుస్తకం చదవకుండానే తెలుసు.

రియాద్‌లో నిజాం

తెలంగాణవాళ్ల చెవికి నిజాం అంటే మనిషి. సౌదీలో నిజాం అంటే చట్టం. కార్మిక చట్టం ‘నిజాం అల్ అమల్’, ట్రాఫిక్ చట్టం ‘నిజాం అల్ మురూర్’. చాలా అరబ్ దేశాలు చట్టాన్ని ‘ఖానూన్’ అంటాయి, సౌదీ ప్రభుత్వం మాత్రం ఆ మాటను పనిగట్టుకుని తప్పిస్తుంది. చట్టం దేవుడిది, మనుషులు చేసుకునేవి ఏర్పాట్లు మాత్రమే అన్నది అక్కడి మత పండితుల, అంటే ఉలమాల, పట్టు. 1992 మార్చిలో వచ్చిన మౌలిక శాసనం మొదటి అధికరణంలోనే ఖురాన్, ప్రవక్త ఆచరణ అయిన ‘సున్నా’ తమ రాజ్యాంగమని రాసుకున్నారు. హైదరాబాదు ప్రభువుల ‘నిజాముల్ ముల్క్’ బిరుదు కూడా ఈ ‘నిజాం’ అన్న వేరులోంచే మొలిచింది: రాజ్యాన్ని ఒక క్రమంలో ఉంచేవాడు అని.

రాజ్యం కంటే పెద్దది

సౌదీ ప్రభుత్వ గెజిట్ పేరు ‘ఉమ్ముల్ ఖురా’. ఊళ్లకు తల్లి అని అర్థం, మక్కాకు ఖురాన్‌లో ఉన్న పేరు. మొదటి సంచిక 1924 డిసెంబరు 12న మక్కాలో వచ్చింది. అప్పటికి సౌదీ రాజ్య స్థాపకుడు ఇబ్న్ సౌద్ సేనలు ఆ నగరాన్ని చేజిక్కించుకుని కొద్ది వారాలే అయింది. అంతకుముందు అక్కడ పాత ప్రభువు షరీఫ్ హుస్సేన్ పత్రిక ‘అల్ ఖిబ్లా’ నడిచేది. ప్రభువు మారాడు, పత్రిక మారింది. సౌదీ అరేబియా అనే రాజ్యాన్ని ప్రకటించింది 1932 సెప్టెంబరు 23న. అంటే రాజ్యానికి పేరు పడకముందే, దాదాపు ఎనిమిదేళ్ల ముందే, దాని గెజిట్ నడుస్తోంది. ఇప్పటికీ శుక్రవారం శుక్రవారం వస్తుంది.

మౌలిక శాసనం 71వ అధికరణం ప్రకారం చట్టాలు ఈ గెజిట్‌లో అచ్చు కావాలి, వేరే తేదీ చెప్పకపోతే అచ్చయిన రోజు నుంచే అమలు. 38వ అధికరణం ఇంకో అడుగు ముందుకు వేస్తుంది: షరియాలోనో రాసిన చట్టంలోనో లేని నేరం లేదు, చట్టం అమల్లోకి రాకముందు చేసిన పనికి ఆ చట్టం కింద శిక్ష లేదు. చదవడానికి ఏ ప్రజాస్వామ్య రాజ్యాంగానికీ తీసిపోని వాక్యం.

బుద్ధిగా నడిచినప్పుడు ఈ పద్ధతి ఎలా ఉంటుందో చెప్పడానికి పౌర వ్యవహారాల చట్టం మంచి ఉదాహరణ. ఏడు వందలకు పైగా అధికరణాలు. 2023 జూన్ 19న గెజిట్‌లో వచ్చింది. 180 రోజుల తర్వాత అమలు అన్నారు, లెక్కగా డిసెంబరు 16న అమలైంది. ఒప్పందం ఎప్పుడు చెల్లుతుంది, నష్టపరిహారం ఎలా కట్టాలి లాంటి మామూలు సంగతులు ఆ దేశంలో మొదటిసారి ఒక్కచోట రాతలోకి వచ్చింది అప్పుడే. మన ఒప్పందాల చట్టం 1872 నాటిది.

ఉందన్నారు, చూపించలేదు

అసలైన చాటని చట్టం కథ ఇది. 2020 ఏప్రిల్ చివర్లో సౌదీ ప్రభుత్వ మానవ హక్కుల కమిషన్ ఒక శుభవార్త చెప్పింది. మైనారిటీ తీరకముందు చేసిన నేరాలకు ఇక మరణశిక్ష ఉండదని రాజు ఉత్తర్వు ఇచ్చారట. అలాంటివారిని బాలల నిర్బంధ గృహంలో పదేళ్లకు మించకుండా ఉంచుతారట. ప్రపంచమంతా మెచ్చుకుంది, పత్రికలు పతాక శీర్షికలు పెట్టాయి.

ఉత్తర్వు ఏదీ? ఉమ్ముల్ ఖురాలో రాలేదు. 2021 జనవరిలో రాయిటర్స్ వార్తాసంస్థ తరచి చూసి, మామూలుగా జరగాల్సినట్టు అది గెజిట్‌లోనూ ప్రభుత్వ మీడియాలోనూ రాలేదని రాసింది. ఏ నేరాలకు వర్తిస్తుంది, ఏ తేదీ నుంచి, పాత తీర్పుల సంగతేమిటి అన్న ప్రశ్నలకు జవాబు చెప్పే కాగితం ఎవరి చేతిలోనూ లేదు. ఆ మరుసటి నెలలోనే, చిన్న వయసులో అరెస్టయి ఏళ్లుగా ఉరి నీడలో ఉన్న ముగ్గురి శిక్షలు పదేళ్ల జైలుకు తగ్గాయి. అంటే ఏదో ఉత్తర్వు ఉన్నమాట నిజమే. కానీ అదే ఏడాది జూన్‌లో ఇంకొక యువకుడికి శిక్ష అమలైంది. అతని మీద మోపిన నేరాలు పదిహేడేళ్ల వయసులో జరిగినవని హక్కుల సంఘాలు గొంతు చించుకున్నాయి, అధికారులు కాదన్నారు.

రహస్య శిక్షకు దేశాలు సిగ్గుపడాలి, అది అందరికీ తెలుసు. రహస్య క్షమ కూడా అంత మంచిదేమీ కాదని ఈ ఉదంతం చూస్తే అనిపిస్తుంది. ఎంత దయ చూపాలో, ఎవరికి చూపాలో కాగితం దగ్గర పెట్టుకున్నవాడికే తెలుస్తుంది. బోనులో ఉన్నవాడి లాయరు ఏ అధికరణం చదవాలి?

ఎక్కడ రాసి ఉంది?

ఆడవాళ్లు బండి నడపకూడదన్న సౌదీ నిషేధం లోకప్రసిద్ధం. ఆ నిషేధాన్ని ట్రాఫిక్ చట్టంలో వెతికినవాళ్లకు మాత్రం అలాంటి వాక్యం దొరకలేదు. లైసెన్సు ఇచ్చేవారు కాదు, అంతే. 1990 నవంబరు 6న 47 మంది మహిళలు రియాద్ వీధుల్లో వరసగా కార్లు నడిపి ఈ డొంకను కదిలించారు. పోలీసులు పట్టుకున్నారు, కొందరి ఉద్యోగాలకు ఎసరొచ్చింది. ఆ తర్వాతే హోంశాఖ ఒక ప్రకటన చేసింది, దానికి, తర్వాత పెద్ద ముఫ్తీ అయిన ఇబ్న్ బాజ్ ఫత్వా తోడైంది. అంటే తప్పు ముందు జరిగింది, తప్పు అన్న మాట తర్వాత వచ్చింది. మూలాన్ని పట్టి చూస్తే ఇది అలిఖితం కోవలోది. రద్దు చేసేటప్పుడు మాత్రం అంతా లిఖితమే: 2017 సెప్టెంబరు 26న రాజాజ్ఞ, 2018 జూన్ 24 నుంచి స్టీరింగు చేతికి.

బహిరంగ మర్యాదల సంగతీ ఇలాంటిదే. ఏ బట్ట, ఏ పాట, ఏ పలకరింపు తప్పో దశాబ్దాల పాటు మత పోలీసు ఆ పూట ఎలా తలిస్తే అలా ఉండేది. 2016 ఏప్రిల్‌లో వాళ్లకు అరెస్టు చేసే అధికారం తీసేశారు. 2019 సెప్టెంబరులో పర్యాటక వీసాలు తెరిచినప్పుడు మొత్తం 19 తప్పులతో ఒక జాబితా అచ్చులోకి వచ్చింది, జరిమానాలతో సహా. విదేశీ టూరిస్టు టికెట్ కొనేముందు రూల్స్ అడుగుతాడు మరి. ఇంట్లోవాళ్లు అడిగితే దొరకని జాబితా చుట్టాలొచ్చేసరికి దొరికింది.

ఇక 2024 జనవరిలో రియాద్ దౌత్యవాడలో ముస్లిమేతర దౌత్యవేత్తల కోసం ఒక మద్యం దుకాణం తెరుచుకుంది. 1952 నుంచి నిషేధం ఉన్న దేశం. ఆర్భాటంగా ప్రకటించిందీ లేదు, కాదన్నదీ లేదు. వార్తాసంస్థల చేతికి చిక్కిన పత్రాన్ని బట్టి లోకానికి తెలిసింది.

జడ్జీ మనసులో చట్టం

1920ల చివర్లో ఇబ్న్ సౌద్ ఇస్లామిక న్యాయాన్ని ఒక స్మృతిగా రాయించాలని తలపెట్టాడు. ఉలమా ఒప్పుకోలేదు. హన్బలీ సంప్రదాయ గ్రంథాలు ముందు పెట్టుకుని న్యాయమూర్తే తీర్పు చెప్పాలన్నారు. దాంతో ఒకే నేరానికి రియాద్‌లో ఒక శిక్ష, జెద్దాలో ఒక శిక్ష పడే వీలుండేది. ఇందులో చాటకపోవడం అనే తప్పు లేదు. ఆ గ్రంథాలు ఏ పుస్తకాల షాపులోనైనా దొరుకుతాయి. కానీ వందల ఏళ్ల వ్యాఖ్యానాల్లో ఈ జడ్జీ దేన్ని ఎంచుకుంటాడో మాత్రం తీర్పు రోజునే తెలుస్తుంది.

ఈ మాట పరాయివాళ్లు అన్నది కాదు. 2021 ఫిబ్రవరి 8న యువరాజు మహమ్మద్ బిన్ సల్మాన్ నాలుగు కొత్త చట్టాలు తెస్తామని ప్రకటిస్తూ, స్పష్టమైన రాత లేకపోవడం వల్ల తీర్పుల్లో పొంతన లేకుండా పోయిందనీ చాలామంది, ముఖ్యంగా మహిళలు నష్టపోయారనీ ఆయనే ఒప్పుకున్నారు. సాక్ష్య చట్టం 2021 డిసెంబరులో, కుటుంబ చట్టం 2022 మార్చిలో, పౌర వ్యవహారాల చట్టం 2023లో వచ్చాయి. జడ్జీ విచక్షణతో వేసే ‘తాజీర్’ శిక్షలకు హద్దులు గీయాల్సిన నాలుగోది వాటితో పాటు రాలేదు. జైలు సంగతి తేల్చేది అదొక్కటే.

దీని సెగ మనవాళ్లకు తగిలే చోటు ఒకటుంది. ప్రాణం పోతే బాధ్యుడు కట్టే ‘దియా’, మన పత్రికలు బ్లడ్ మనీ అని రాసేది. 2011లో అక్కడ దాన్ని పొరపాటున జరిగిన మరణానికి 3 లక్షల రియాళ్లకు, తెలిసి చేసిన హత్యకు 4 లక్షలకు పెంచారు. కానీ ఆ అంకె అందరికీ కాదు. యూదు, క్రైస్తవ పురుషుడికి ముస్లిం పురుషుడికి ఇచ్చే దానిలో సగం, ఇతర మతాల వారికి పదహారో వంతు చొప్పున కోర్టులు లెక్కగడతాయని అమెరికా విదేశాంగ శాఖ మతస్వేచ్ఛ నివేదికలు ఏళ్ల తరబడి రాస్తూ వచ్చాయి. రోడ్డు ప్రమాదంలో కొడుకును పోగొట్టుకున్న కోరుట్ల తండ్రికి ఈ పదహారో వంతు లెక్క ముందుగా ఎవరు చెబుతారు?

34 కిలోల జాకెట్

ఇది సౌదీ కథ కాదు, కానీ విమానంలో బంగారం తెచ్చుకునే ప్రతి గల్ఫ్ ప్రయాణికుడూ వినాల్సిన కథ. 1962 నవంబరు 27న మేయర్ హాన్స్ జార్జ్ అనే జర్మన్ జ్యూరిక్‌లో స్విస్ విమానం ఎక్కాడు. పోయేది మనీలాకు. మర్నాడు తెల్లవారాక విమానం బొంబాయిలో ఆగింది. అతను దిగలేదు కూడా, సీట్లోనే కూర్చున్నాడు. కస్టమ్స్‌వాళ్లు లోపలికి వెళ్లి సోదా చేస్తే, ప్రత్యేకంగా కుట్టించుకున్న జాకెట్‌లో 34 కిలోల బంగారు కడ్డీలు.

దేశం మీదుగా దాటిపోయే బంగారాన్ని విమాన సరుకుల జాబితాలో చూపాలని రిజర్వు బ్యాంకు నవంబరు 8న ఉత్తర్వు రాసింది. అది భారత గెజిట్‌లో అచ్చయింది నవంబరు 24న. అతను విమానం ఎక్కడానికి మూడు రోజుల ముందు! జ్యూరిక్‌లో భారత గెజిట్ ఎవరు చదువుతారని అతని వాదన. బొంబాయి హైకోర్టు వదిలేసింది. సుప్రీంకోర్టు మాత్రం 1964లో శిక్షను పునరుద్ధరించింది: గెజిట్‌లో వేస్తే చాటినట్టే, చూడకపోవడం నీ ఖర్మ. శిక్షను అప్పటికే గడిపిన జైలు కాలానికి కుదించి కొంత ఊరట ఇచ్చింది.

ముగ్గురు జడ్జీలలో ఒకాయన ఒప్పుకోలేదు. ఆయన మన రాజమండ్రి మనిషి, ఆంధ్ర హైకోర్టు తొలి ప్రధాన న్యాయమూర్తి, తర్వాత భారత ప్రధాన న్యాయమూర్తి అయిన కోకా సుబ్బారావు. నిషేధం సంగతే తెలియనివాడికి దోషబుద్ధి ఎక్కడిది అన్నది ఆయన భిన్నాభిప్రాయ సారాంశం. చట్టం మెజారిటీ తీర్పు వెంట నడిచింది. నా ఓటు సుబ్బారావుకే. 34 కిలోల బంగారం మోసుకెళ్లేవాడు అమాయకుడని కాదు. గెజిట్ అచ్చు వేయడంతో సర్కారు చేతులు దులుపుకోవచ్చన్న సూత్రం ఒకసారి నిలబడితే, అది స్మగ్లరు దగ్గర ఆగదు. చదువురాని మేకల కాపరి దాకా వస్తుంది.

యాభై రూపాయల జరిమానా

అసలు గెజిట్‌లోనే వేయకపోతే? దానికి జవాబు 1951 సెప్టెంబరు 24న వచ్చింది. జైపూర్ సంస్థానంలో మైనరు మహారాజు తరఫున మంత్రిమండలి 1923 డిసెంబరు 11న నల్లమందు చట్టం అని ఒక తీర్మానం చేసి పెట్టుకుంది. ఎక్కడా ప్రకటించలేదు. 1938లో ఒక సవరణ తెచ్చి, ఇది 1924 సెప్టెంబరు 1 నుంచే అమల్లో ఉంది అని కలిపారు. దాని కింద హర్లా అనే ఆయనకు యాభై రూపాయల జరిమానా పడింది. ఆ యాభై రూపాయల కోసం వ్యవహారం సుప్రీంకోర్టు దాకా పోయింది.

జస్టిస్ వివియన్ బోస్ రాసిన తీర్పు చిన్నదే. నాలుగు గోడల మధ్య చేసుకున్న తీర్మానం, జనం తెలుసుకునే దారే లేని తీర్మానం, జనాన్ని కట్టిపడేయలేదని తేల్చారు. జరిమానా ఎగిరిపోయింది. ఆయన ఆ తీర్పులో నెపోలియన్ స్మృతి మొదటి అధికరణాన్ని తలచుకున్నారు. 1804 నాటి ఆ స్మృతి లెక్క ముచ్చటైనది: చట్టం చాటిన ఊరి నుంచి సుమారు ప్రతి వంద కిలోమీటర్ల దూరానికీ ఒక రోజు చొప్పున గడువు. గుర్రం మీద వార్త పోవాలి కదా. ఆ లెక్కన రియాద్‌లో పుట్టిన చట్టం జగిత్యాల మనిషికి అంటాలంటే నెల దాటాలి.

ఇంగ్లండు ఇంకా ఘనం. 1793 దాకా అక్కడ పార్లమెంటు చేసిన చట్టం, ఆ సమావేశాలు మొదలైన తొలిరోజు నుంచే అమల్లో ఉన్నట్టు లెక్క. ఏప్రిల్‌లో చేసిన చట్టానికి జనవరిలో నేరస్థుడివి కావచ్చు.

రోమన్ చక్రవర్తి కలిగులా పన్నులు వేసి చాటలేదట. జనం గోలపెడితే, చాలా చిన్న అక్షరాలతో ఇరుకు సందులో రాయించి పెట్టాడట, ఎవరూ నకలు తీసుకోకుండా. చరిత్రకారుడు స్యూటోనియస్ రాశాడు. ఇన్సూరెన్సు పత్రాలు అచ్చువేసేవాళ్లకు ఆదిగురువు ఈయనే కావచ్చు.

ఎర్రగుడి భేరి

ఈ విషయంలో మన నేల చరిత్ర మరీ తీసికట్టు కాదు. కర్నూలు జిల్లా పత్తికొండ దగ్గరి ఎర్రగుడి బండల మీద అశోకుడి శాసనాలున్నాయి. ఊరికే చెక్కించి ఊరుకోలేదు. అక్కడి చిన్న శాసనంలో, రజ్జుకుడు అనే అధికారి భేరి మోగించి జనపదాల వారికి ఈ సంగతి ఆజ్ఞాపించాలని ఉంది. చదవగలిగినవాళ్లు తక్కువ కనుక డప్పు. తెలుగునేల మీద దండోరాకు దొరికే రాతసాక్ష్యాల్లో ఇంతకంటే పాతది కష్టం. తమాషా ఏమిటంటే ఆ శాసనంలోనే కొన్ని పంక్తులు కుడి నుంచి ఎడమకు చెక్కి ఉన్నాయి. చదవబోయినవాడికి తల తిరగాల్సిందే. భేరి లేకపోతే గతేమిటి?

నిజాం ప్రభుత్వ గెజిట్ పేరు ‘జరీదా’. ఫర్మానాలు, నియమాలు అందులో పద్ధతిగా అచ్చయ్యేవి, అదీ ఉర్దూలో. సంస్థానంలో దాదాపు సగం మంది తెలుగువాళ్లు. మిగతావాళ్లలో మరాఠీ, కన్నడం మాట్లాడేవాళ్లు బోలెడు. నియమం ప్రకారం చాటినట్టే, వరంగల్ రైతుకు అందనట్టే. ఆ రైతు మనవడు ఇవాళ దమ్మామ్‌లో అదే చిక్కులో ఉన్నాడు. సౌదీ కార్మిక చట్టం 9వ అధికరణం ప్రకారం అరబ్బీ పాఠానిదే పైచేయి. ఒప్పందం పక్కన ఇంకో భాషలో రాసుకున్నా, తేడా వస్తే అరబ్బీదే చెల్లుతుంది.

ఒకే ఆగస్టు, రెండు రాష్ట్రాలు

జీవోలు చట్టాలు కావు గానీ మన బతుకుల్ని చట్టాల కంటే ఎక్కువగా కదిలించేవి అవే. 2021 ఆగస్టులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జీవోలను అందరూ చూసే వెబ్‌సైట్‌లో పెట్టడం మానేసింది. తర్వాత ఈ-గెజిట్ అని ఒకటి మొదలుపెట్టినా పాత పద్ధతి తిరిగి వచ్చింది 2024 ఆగస్టులో, ప్రభుత్వం మారాక. అదే 2021 ఆగస్టులో హైదరాబాదులో దీనికి తలకిందులుగా జరిగింది. దళితబంధు పథకం జీవో కనబడటం లేదని దాఖలైన పిటిషన్ మీద తెలంగాణ హైకోర్టు, ప్రతి జీవోనూ 24 గంటల్లో వెబ్‌సైట్‌లో పెట్టాలని చెప్పింది. కృష్ణకు అటూ ఇటూ ఒకే నెల.

చాటింపు ఉంది, చట్టం లేదు

గల్ఫ్ బాటలో దీనికి తిరగబడ్డ సరుకు కూడా దొరుకుతుంది. దాని పేరు ‘ఆజాద్ వీసా’. ఎవరి కిందా పని చేయక్కర్లేదు, ఎక్కడైనా చేసుకోవచ్చు అని ఏజెంట్లు ఊరూరా చెప్పి అమ్ముతారు. సౌదీ చట్టంలో అలాంటి వీసా లేదు. ఎవరో ఒక కఫీల్ (పూచీ ఉండే యజమాని) పేరున తీసిన మామూలు పని వీసా అది. వేరేచోట పనిచేస్తూ దొరికితే నేరం. టముకు గట్టిగా పడింది, వెనక కాగితమే లేదు.

కఫీల్ అన్న మాటకూ ఒక చరిత్ర ఉంది. 2000లో సౌదీ మంత్రిమండలి ‘కఫాలా’ అన్న పదాన్ని అధికార పత్రాల నుంచి తీసేసి, ఇకపై యజమాని, విదేశీ కార్మికుడు అనే రాయాలంది. కార్మికుడి పాస్‌పోర్టు కార్మికుడి దగ్గరే ఉండాలని కూడా అదే నిర్ణయంలో ఉంది. ఆ తర్వాత పాతికేళ్లుగా మనవాళ్ల నోట కఫీల్ కఫీల్‌గానే ఉన్నాడు, ఎందరి పాస్‌పోర్టులో అతని బీరువాలోనే ఉన్నాయి. అచ్చులో ఉన్న హక్కు గురించి చెప్పేవాడు లేకపోతే అది చాటని చట్టం కింద లెక్కే అనిపిస్తుంది నాకు, వ్యాకరణం ఒప్పుకోకపోయినా.

2021 మార్చి 14న మరో పెద్ద మార్పు వచ్చింది. యజమాని అనుమతి లేకుండా ఉద్యోగం మారవచ్చు, ఊరికి వెళ్లి రావచ్చు. వార్త తెలుగు పత్రికల్లో కూడా బాగానే వచ్చింది. అయితే ఇంటి పనివాళ్లు, డ్రైవర్లు, తోటమాలులు, పొలం కూలీలు, గొర్రెల కాపరులు ఇందులో లేరు. మనవాళ్లలో ఎందరో చేసే పనులు ఇవే. శీర్షిక అందరికీ చేరింది, మినహాయింపు చేరలేదు.

మన ఢిల్లీ కూడా తక్కువ తినలేదు. గల్ఫ్‌కు పోయే కార్మికులకు ఇంతకు తక్కువ జీతం ఇస్తే పంపం అని భారత ప్రభుత్వం ఒక కనీస మొత్తం పెడుతుంది. 2020 సెప్టెంబరులో, కరోనా మధ్యలో, రెండు సర్క్యులర్లతో దాన్ని చప్పుడు లేకుండా కోసేశారు. నెలలు గడిచాక గానీ ఊళ్లలో తెలియలేదు. గల్ఫ్ కార్మికుల తరఫున తెలంగాణ హైకోర్టులో పిల్ పడింది. 2021 జులైకల్లా ఆ కోత వెనక్కి పోయింది.

ఖల్లివెల్లి

అరబ్బీలో ‘పోనీయ్, వదిలెయ్’ అనే అర్థంలో వాడే మాట ఇది. తెలంగాణ పల్లెల్లో ‘వాడు ఖల్లివెల్లి అయిండు’ అంటే కఫీల్‌ని వదిలి కాగితాలు లేకుండా తిరుగుతున్నాడని. దానికి సర్కారీ పేరు ‘హురూబ్’, పరారీ. పనివాడు రావడం లేదని యజమాని ఒక ఫిర్యాదు నమోదు చేస్తే చాలు, ఇఖామా (నివాస అనుమతి కార్డు) చెల్లకుండా పోయేది. జీతం ఎగ్గొట్టిన యజమాని కూడా ఇదే చేసేవాడు, పనివాడు ఎదురుగా గోదాములో పెట్టెలు మోస్తుండగానే. తన మీద హురూబ్ పడ్డ సంగతి చాలామందికి ఇఖామా రెన్యువల్‌కో, ఊరికి పోదామనో కాగితాలు కదిపినప్పుడు గాని తెలిసేది కాదు. ఒక్కడి కోసం పుట్టి, ఆ ఒక్కడికే చెప్పని ఉత్తర్వు.

ఇలా ఇరుక్కున్నవాళ్లకు అప్పుడప్పుడు క్షమాభిక్ష ప్రకటిస్తారు. 2013 ఏప్రిల్‌లో ఇచ్చిన గడువు జులై 3తో ముగియాల్సింది, జనం ఎంబసీల ముందు బారులు తీరడంతో నవంబరు దాకా పొడిగించారు. 2017 మార్చి 29న మళ్లీ 90 రోజులు ఇచ్చారు, జరిమానా లేకుండా, మళ్లీ రాకుండా వేలిముద్రల నిషేధం పడకుండా. ఈ తేదీలు ఎడారిలో ఒంటె కొట్టాల దాకా చేరింది గెజిట్ ద్వారా కాదు. ఎంబసీ వలంటీర్లు, సంఘాల మనుషులు, ఒకరి ఫోన్ నుంచి ఒకరికి పోయిన వాయిస్ మెసేజీలు. కొందరికి గడువు దాటాక చేరాయి.

2022 అక్టోబరులో ఈ నియమాన్ని కొంత మార్చారు. యజమాని ‘పనికి రావడం లేదు’ అని రాసిన వెంటనే హురూబ్ పడదు. కార్మికుడికి 60 రోజులు ఉంటాయి, ఆలోగా వేరే యజమానికి మారాలి లేదా ఎగ్జిట్ తీసుకుని ఇంటికి పోవాలి. రెండూ కాకపోతే 61వ రోజున అతను పరారీ. 60 రోజుల లెక్క మొదలయ్యేది యజమాని కంప్యూటర్‌లో మీట నొక్కిన రోజు నుంచి.